అట్టముక్క నడిస్తేనే

మా ఆయనకు వచ్చిన ఇంగ్లీషంతా ఒక్క ముక్క: సెట్. టీలో చక్కెర కుదిరితే సెట్. కొత్త చెప్పులు కరవడం మానేస్తే సెట్. పంటినొప్పి తగ్గినా సెట్టే, వాన వెలిసినా సెట్టే. నేను కోపంతో గిన్నెలు ఎత్తెత్తి పడేస్తుంటే, "ముందు నువ్వు కాస్త సెట్ అవ్వవే" అంటాడు. ఒళ్ళు మండిపోతుంది నాకు! పెళ్ళికి ముందు నన్ను చూసి వెళ్ళి, వాళ్ళమ్మతోనూ అదే మాటన్నాడట.

పని దగ్గర మాత్రం ఆ మాటకు మహా పిసినారి. ఆయన వడ్రంగి. తలుపు బిగించాక ఒక్క వేలితో మూడుసార్లు తీసి వేస్తాడు. తర్వాత జేబులోంచి అట్టముక్క తీస్తాడు. మా శుభలేఖలోదే, చింపడానికి చేతులెలా వచ్చాయో! దాన్ని తలుపుకూ గుమ్మానికీ మధ్య సందులో చుట్టూ జరుపుతాడు. ఎక్కడా పట్టెయ్యకుండా నడిస్తేనే సెట్ అంటాడు.

మా చిన్నది నాలుగేళ్ళుగా ఆయన దగ్గరే పని నేర్చుకుంటోంది. దాని పనికి ఆ మాట ఒక్కసారీ దక్కలేదు. మొన్న ఒక ఆసుపత్రి తలుపు మొత్తం తనే చేసి బిగించింది. ఈసారైనా నాన్న అంటాడా అని పొద్దున్నుంచీ దానికి ముద్ద దిగలేదు. నేనూ వెంట వెళ్ళాను. ఆయన వేలితో తోశాడు, అట్ట తిప్పాడు. ఎక్కడా ఆగలేదు.

"బావుంది," అన్నాడు.

పిల్ల ముఖం మాడిపోయింది. బావుంది అనేది ఆయన పరాయివాళ్ళ పనికి అనే మాట.

ఇంటికొచ్చాక కడిగిపారేశాను. "చెప్పుల్ని సెట్ అన్నారు, వానను సెట్ అన్నారు. కన్నకూతురి పని ఆ మాటకు కూడా నోచుకోలేదా?"

ఆయన వంటింటి తలుపు దగ్గరికి వెళ్ళాడు. పన్నెండేళ్ళుగా అది నేలను గీకుతోంది. అందరి తలుపులూ బాగుచేసే మనిషికి దీనికి తీరిక దొరకలేదు. చిన్నదాన్ని పిలిచి అట్టముక్క చేతిలో పెట్టాడు.

"మీ అమ్మ రోజుకి వందసార్లు తీసే తలుపిది. నేను చూడను. నువ్వే చెయ్యి, నువ్వే చెప్పు."

అది తలుపు దించి, అడుగున చిత్రిక పట్టి, మళ్ళీ ఎక్కించింది. గీకుడు పోయింది. నా ప్రాణం లేచొచ్చింది. అట్ట తిప్పితే కిందిమూల దగ్గర కాస్త చిక్కుకుంది.

"చాల్లేవే, బంగారంలా ఉంది," అన్నాను.

"ఉండమ్మా, ఇంకా కాలేదు," అని మళ్ళీ దించేసింది.

ఆయన గుమ్మంలోనే చతికిలబడి నావైపు చూశాడు. కళ్ళు చెమర్చాయి.

"ఇక మన చిన్నది సెట్ అయిందే," అన్నాడు.