కుందేలు ఏడాది ముడి

బుర్మకాన్ నోటికి ఊరంతా జడిసేది. అలాంటి మనిషి కూడా తాడు చేతిలోకి తీసుకుంటే గొంతు తగ్గించి మాట్లాడేది. పక్క లోయ నుంచి కోడలిగా వచ్చి, గొర్రె పాలు పితకడం కన్నా ముందు అత్త దగ్గర నేర్చుకున్నది ఆ తాడునే. పిల్లలు నిలవలేదు, మొగుడు తొందరగా పోయాడు. మిగిలింది తాడు, దానివల్ల వచ్చిన పరువు.

ఏ ఏటి ఉన్నితో ఆ ఏటి ముక్క పేని, పాతదానికి అతుకుతూ వచ్చిన తాడది. వేళకు ముందే వెచ్చబడితే ఎర్ర ఒంటె ఉన్ని ముడి. వసంతంలో కనుమ మీద మంచు పడితే నల్ల మేకవెంట్రుక ముడి. ఏడాదికో జంతువు పేరు చొప్పున పన్నెండేళ్ళకు ఒక చుట్టుగా నేల మీద పరిస్తే కుందేలు ఏడాది పక్కన కుందేలు ఏడాది, గుర్రం పక్కన గుర్రం వచ్చి కూర్చుంటాయి. కాలం కొత్త దారి తొక్కదనీ, పాత అడుగుల్లోనే నడుస్తుందనీ వాళ్ళ నమ్మకం. ఇప్పటి ఏడాది ఏ పాత ఏడాది అడుగుల్లో నడుస్తోందో కళ్ళు మూసుకుని వేళ్ళతో పట్టుకోవాలి. పట్టుకుంటే ఆ అడుగుల వెంట ముందుకు పోయి, రాబోయేది చూసి రావచ్చు. మందలు కనుమ దాటి పై పచ్చికకు ఎప్పుడు పోవాలో అలాగే తేలేది.

దానికొక కట్టుబాటుంది. వేలికి తగిలిన ప్రతి ముడినీ దాని పేరుతో అందరి ముందూ పైకి చెప్పాలి. ముడి ఎవరి పేరున పడితే వాళ్ళ వంశమంతా వినాలి.

కూతురు లేని బుర్మకాన్ తన విద్యను జీపార్‌కి చెప్పింది. జీపార్ తల్లి లేని పిల్ల. తండ్రి కల్బాయ్ ఒకప్పుడు ఊరి మంద కాసేవాడు. ఒక కుందేలు ఏడాది కనుమ మీద మంచు ముంచుకొస్తే, మందను వదిలేసి ఒక్కడే గుర్రమెక్కి దిగొచ్చాడు. బుర్మకాన్ ఆ ఊరికి రాకముందు మాట. ఆ ఏటి నల్లముడి పేరు 'కల్బాయ్ దిగొచ్చిన మంచు'. కుందేలు ఏడాది వచ్చినప్పుడల్లా జీపార్ తల వంచుకుని ఆ పేరు వినేది. బుర్మకాన్‌కి అదేమీ పట్టలేదు. పేనడం నేర్పుతూ, ఎడమ పురి తిప్పుతావేమే, కుడికి తిప్పమంటే, అని తిట్టడమే తప్ప ఆ పిల్ల మనసులో ఏం తిరుగుతోందో అడగలేదు.

మళ్ళీ కుందేలు వచ్చింది. ఆ ఏడు పొద్దు తొందరగా వెచ్చబడింది, వాగుల మీద గడ్డకట్టిన మంచు ముందే విరిగింది. ఊరి పెద్ద, తెల్లగడ్డం బెర్దికే గుడారంలో ఊరంతా చేరింది. జీపార్ కొడుక్కి అప్పుడే పెళ్ళయింది. కొత్త వియ్యంకులు పై వరసలో కూర్చుని, మర్యాదగా వడ్డించిన తలమాంసం తింటున్నారు. బుర్మకాన్ కళ్ళు మూసుకుని తాడు తడిమింది. ఒక పాత కుందేలు దగ్గర వేలు ఆగింది. ఎర్రముడి ఉంది. ఇదే దారి అనుకుంది. ముందుకు జరిగితే అంతా నున్నగా ఉంది.

ఆమెకు అనుమానం తట్టింది. పక్కన కూర్చున్న జీపార్ వైపు వంగి మెల్లగా అడిగింది. "ఇక్కడ నల్లది ఉండాలి కదే?"

"అది పై చుట్టులోది అక్కా," అంది జీపార్. "నువ్వు ఇంకో కుందేలుతో కలిపేసుకుంటున్నావు."

తల మరుస్తుంది గానీ తాడు మరవదని అత్త నేర్పింది. తన తలను కాదని బుర్మకాన్ తాడును నమ్మింది. తాడు కన్నా ఎక్కువగా జీపార్‌ని నమ్మింది. దారి నున్నగా ఉంది, కదలండి అని చెప్పింది.

కనుమ నడిమికి చేరేసరికి మంచు దిగింది. నమ్మి నానబోస్తే పుచ్చి బుర్రలైనట్టు, కొత్తగా ఈనిన గొర్రెలన్నీ పిల్లలతో సహా నిలబడ్డచోటే బిగుసుకుపోయాయి. ముసలిదాని వేళ్ళు మొద్దుబారాయని మొదట ఆడవాళ్ళు అన్నారు, తర్వాత మగవాళ్ళూ అన్నారు. తాడు ఇక జీపార్ పట్టాలని బెర్దికే తీర్పు చెప్పాడు.

అప్పగించే ముందు బుర్మకాన్ తాడును మరోసారి ఒడిలో వేసుకుంది. ఈసారి ముళ్ళు వెతకలేదు, ఉన్ని తడిమింది. ఎర్రముడి తర్వాత జానెడు ముక్క కొత్తది. దాని పురి ఎడమకు తిరిగి ఉంది.

లేచి నేరుగా జీపార్ దగ్గరకు పోయింది. జీపార్ కుమిస్ కోసం పులిసిన గుర్రపు పాలు చిలుకుతోంది.

"ఎప్పుడు విప్పావు?"

జీపార్ చిలకడం ఆపలేదు. "సంబంధం ఖాయమైన వారం."

"మంచు పడుతుందని తెలీదా నీకు?"

"ఆ రోజు వియ్యంకుల ముందు మా నాన్న పేరు రాకూడదని తప్ప నాకేం తెలీదక్కా. మీకది ముడి. మాకు ఉరి."

ముడి విప్పినందుకు క్షమిస్తానంది బుర్మకాన్. సిగ్గు ఎంతటి మనిషి చేతనైనా తప్పు చేయిస్తుందంది. కానీ ఈ ఏటి నల్లముడికి పేరు పెట్టే రోజున నిజం చెప్పాలంది. జీపార్ ఆమె మోకాళ్ళు పట్టుకుని ఏడ్చి, చెబుతానని మాటిచ్చింది. బుర్మకాన్ ఇంటికొచ్చి ఎవరితోనూ ఏమీ అనలేదు. నోరు మూసుకోవడం ఆమె బతుకులో అదే మొదలు.

ఊరు మళ్ళీ కూర్చుంది. జీపార్ నల్ల మేకవెంట్రుక పేని ముడి వేసింది. దీని పేరేమిటని బెర్దికే అడిగాడు. జీపార్ వియ్యంకుల వైపు చూసింది, కోడలి వైపు చూసింది. బుర్మకాన్ వైపు చూడలేదు.

"బుర్మకాన్ తప్పు చెప్పిన మంచు," అంది.

బుర్మకాన్ లేచింది. "దాని తండ్రి ముడి అది విప్పేసింది. నేనడిగితే అబద్ధం చెప్పింది. పురి తడిమి చూడండి, తెలుస్తుంది."

బెర్దికే తడిమాడు. కొరడా పట్టిన చేతికి ఉన్ని పురి ఏం తెలుస్తుంది? ఆడవాళ్ళలో ఒకరిద్దరికి తెలిసేదే. కానీ ఎవరూ చెయ్యి చాపలేదు.

"అననివ్వండి తాతా," అంది జీపార్ మెత్తగా. "అక్క పెద్దదైపోయింది. పిల్లలు పోయిన బాధ ఎవరి మీదనో ఒకరి మీద దించుకోవాలి కదా."

అయ్యో పాపం అన్నట్టు అందరూ తలలాడించారు. తిట్టినా తట్టుకునేది గానీ, ఆ జాలి ముందు నిలవలేక బుర్మకాన్ అక్కణ్ణించి వెళ్ళిపోయింది.

మరుసటి వసంతం జీపార్ చెప్పిన రోజునే ఊరు కదిలింది. ఒంటి గుడారం కొండ మీద బతకదు గనుక బుర్మకాన్ కూడా వెనకాలే నడిచింది. ఆమెకు వాగు దిగువన, అందరి మందలూ తొక్కేసిన నీళ్ళ దగ్గర చోటిచ్చారు. గుడారం లేచిన సాయంత్రమే జీపార్ కొత్త కుమిస్ గిన్నె నిండా పోసుకుని వచ్చింది. "మొదటి గిన్నె నీకే అక్కా," అంది.

ఇచ్చిన కుమిస్ కాదనడం ఆ కొండల్లో పాపం. బుర్మకాన్ రెండు చేతులతో గిన్నె అందుకుని, గడప బయట కుక్క ముందు పెట్టి, తలుపు తెర దించేసింది.