చిన్నమ్మ చేతి ముల్తానీ మట్టి

నా చిన్నప్పుడు ఆళ్లగడ్డలో మా ఇంట్లో బొల్లి అనే మాటను ఎవరూ పైకి అనేవాళ్లు కాదు. మా చిన్నమ్మ ప్రస్తావన వస్తే "దానికి అట్లయింది గదా" అని ఊరుకునేవాళ్లు. ఎట్లయిందని పిల్లలం అడగకూడదు. చిన్నమ్మ మా అమ్మకు సొంత చెల్లెలు. పెళ్లయిన కొత్తలో ఆమె పెదవి పక్కన ఒక తెల్లమచ్చ మొదలైంది. అది చెంపలకూ చేతివేళ్లకూ పాకింది. భర్త ఆమెను పుట్టింటికి పంపి, మళ్లీ పిలవలేదు. అప్పటినుంచి ఆమె నంద్యాలలో ఒక గది అద్దెకు తీసుకుని, జాకెట్లు కుట్టుకుంటూ బతికింది. ఆ మచ్చలు ఒకరి నుంచి ఒకరికి అంటేవి కావని డాక్టరు ఆ రోజుల్లోనే చెప్పాడు. మావాళ్లు విన్నారు గానీ నమ్మలేదు.

చిన్నమ్మ పోయి ఇంకా ఏడాది కాలేదు. ఆమెను తలుచుకుంటే నాకు ముందు గుర్తొచ్చేది ఆమె చేయి. రెండు వేళ్ల చివర తడి మట్టి, గాలిలో ఆగిపోయిన చేయి.

ఏడో తరగతి అయిపోయిన వేసవిలో, రుద్రవరంలో ఉండే మా జేజి, నాయన వాళ్లమ్మ, జారిపడి తుంటి విరగ్గొట్టుకుంది. అమ్మ అక్కడికి వెళ్లి ఆమెను చూసుకోవాలి. నాయన పొద్దస్తమానం అంగడిలోనే ఉండాలి. నన్ను ఉంచడానికి చిన్నమ్మ ఇల్లు తప్ప వేరే చోటు లేకపోయింది. నాయన నన్ను నంద్యాలలో ఆమె వాకిట్లో దింపి, పనుందని అక్కడినుంచే తిరిగి వెళ్లిపోయాడు.

చిన్నమ్మ నా బట్టలు సర్దడానికి సంచి విప్పింది. గౌన్ల అడుగున ఒక స్టీలు పళ్లెం, ఒక గ్లాసు, ఒక కొత్త తుండు ఉన్నాయి. అమ్మ వాటిని పెడుతున్నప్పుడు నేను చూశాను. ఎందుకని అడగలేదు. చిన్నమ్మ ఆ పళ్లేన్ని చేతిలో పట్టుకుని కాసేపు అలాగే కూర్చుంది. అది చూస్తుంటేనే నాకు సంగతి తెలిసిపోయింది. గోడకు ఆనుకుని నిలబడి నా కాళ్ల వైపు చూసుకున్నాను.

"మంచి తట్టే. ఈడ నావన్నీ సొట్టలు," అంది చిన్నమ్మ. పళ్లెం, గ్లాసు కడిగి, తన గిన్నెలకు తగలకుండా పై అరలో పెట్టింది. నేను ఉన్నన్నాళ్లూ నాకు వాటిలోనే పెట్టింది. పొరపాటున కూడా తన పళ్లెంలో పెట్టలేదు. అంత జాగ్రత్తగా ఉండకపోతే బాగుండునని నాకు అనిపించేది. చెప్పడానికి ధైర్యం చాలేది కాదు.

ఆ వయసులో నాకు నా ముఖం అంటే కోపం. నేను నల్లగా ఉంటాను. దానికి తోడు నుదుటి మీద మొటిమలు మొదలయ్యాయి. బళ్లో ఫోటో తీసినప్పుడు నన్ను వెనక వరసకు పంపారు. అద్దంలో చూసుకోవాల్సి వస్తే పాపిట వరకే చూసుకునేదాన్ని.

చిన్నమ్మ ఆదివారం ఆదివారం ముఖానికి ముల్తానీ మట్టి పూసుకునేది. మట్టిగడ్డలను ముందురోజే నానబెట్టేది. పొద్దున్నే వాటిని వేళ్లతో మెదిపి, నలకలు తీసేసి, కొంచెం పన్నీరు కలిపేది. ముఖం కడుక్కుని, తడి ఆరకముందే కళ్లూ పెదవులూ వదిలి, కిందినుంచి పైకి పూసుకునేది. పూర్తిగా ఎండి పగలకముందే చన్నీళ్లతో తడిపి, రుద్దకుండా కడిగేసేది. తర్వాత ఒక్క చుక్క కొబ్బరినూనె. ఆమెకు అది అందం కోసం చేసే పని కాదు. నంద్యాల ఎండకు ఆ తెల్లటి చోట్లు మండేవి. మట్టి పెడితే చల్లబడేవి.

నాకు మాత్రం ఆశ పుట్టింది. "ఇది పూసుకుంటే తెల్లగయితానా చిన్నమ్మా?" అని అడిగాను.

"తెల్లగయ్యేది ఎట్లుంటాదో కళ్లముందర చూస్తానే ఉండావు గదా. కావాల్నా?" అంది.

ఆమె నా మొహం చూసి నవ్వేసింది. "ఊరికె అన్నాలే మే. తెల్లగయ్యేది అబద్ధం. మొటిమలు తగ్గుతాయి, ఒళ్లు చల్లబడ్తాది. అంతవరకు నిజం. పూసుకుంటావా?"

ఆ ఆదివారం ఆమె మట్టిని రెండు గిన్నెల్లో కలిపింది. ఒకటి తనది, ఒకటి నాది. నా గిన్నెలో తన వేలు పెట్టలేదు, చెంచా వెనకతో కలిపింది. అద్దం నా ముందు పెట్టి, ఎక్కడ ఎంత పూయాలో మాటలతోనే చెప్పింది. ముక్కు పక్కల నాకు చేతకాక ముద్దలు ముద్దలుగా అంటుకుంది. ఆమె చేయి ఒకసారి నా వైపు వచ్చి, మళ్లీ ఒళ్లోకి వెళ్లిపోయింది.

మట్టి పూసుకున్నాక మాట్లాడకూడదు, నవ్వకూడదు, ముడతలు పడతాయన్నది ఆమె నియమం. ఇద్దరం గోడకు ఆనుకుని గమ్మున కూర్చున్నాం. అప్పుడే, అందరం ఖాలా అని పిలిచే పక్కింటి ముస్లిం ఆవిడ వచ్చింది. వాళ్లాయన అత్తరు, సుర్మా, ఊదుబత్తీలు అమ్మేవాడు. ముల్తానీ మట్టి కూడా ఆ అంగడి నుంచే వచ్చేది.

"అరె, ఏందీ! పీర్ల పండగ ఏషగాళ్లు ఇద్దరు ఈడ కూచోనుండారే!" అంది గడపలోనే ఆగి. "దుడ్లు ఏస్తే ఎగురుతారా? ఏం మాట్లాడరే? నాలిక్కి గూడా పూసుకుంటిరా?"

చిన్నమ్మ పొట్ట కదలడం మొదలైంది. నాకు నవ్వు ఆగలేదు. ఖాలా వంగి, చిన్నమ్మ గడ్డం పట్టుకుని ముఖం అటూ ఇటూ తిప్పి చూసింది. ఆమె చెంప మీద ఇంకా తడిగా ఉన్న మట్టిని వేలితో తీసి తన ముక్కుకు రాసుకుంది. "నా ముక్కన్నా బాగుపడనీ," అని, తన కోసం కుట్టి ఉంచిన జాకెట్టు తీసుకుని వెళ్లిపోయింది.

ఖాలా ఏమీ ఆలోచించకుండా చేసిన ఆ పని నా మనసులోంచి పోలేదు. తర్వాతి ఆదివారం చిన్నమ్మ రెండు గిన్నెలు తీస్తుంటే, "నాకు సరిగా రాదు, నువ్వే పూయి చిన్నమ్మా," అన్నాను.

ఆమె మట్టి మెదుపుతూనే ఉంది. "మీ అమ్మను అడగల్ల," అంది.

"అమ్మ ఏమంటాది?"

"అంటాదో అనదో, అడగల్ల. నువ్వు దాని బిడ్డవి. రానీ. అడిగి పూస్తా."

సెలవులు ముగిసేటప్పుడు, ఒక ఆదివారం ఉదయం, అమ్మ నన్ను తీసుకుపోవడానికి వచ్చింది. మండుటెండలో బస్సు దిగి వచ్చి గడప దగ్గరే కూర్చుంది. చిన్నమ్మ చెంబుతో నీళ్లిస్తే దప్పిక లేదంది. ఆమె పెదవులు ఎండి ఉన్నాయి. చిన్నమ్మ మళ్లీ అడగలేదు. జేజి ఎట్లుందని అడిగింది. అమ్మ చెప్పింది. చెల్లెలితో మాట్లాడుతున్నంతసేపూ అమ్మ కుట్టుమిషన్ వైపు చూసింది.

మట్టి గిన్నెలు నేల మీద సిద్ధంగా ఉన్నాయి. నేను ఆగలేక అడిగేశాను. "అమ్మా, చిన్నమ్మ నాకు మట్టి పూయొచ్చా? నిన్ను అడగల్ల అంటాంది."

అలా అడిగిన తర్వాత గది ఎట్లా మారిందో ఇప్పటికీ చెప్పలేను. అమ్మ ముఖం ఎర్రబడింది. "పూయనీ. దాంట్లో ఏముంది," అంది.

"ఏమీ లేదా?" అంది చిన్నమ్మ. ఆమె గొంతులో ఎత్తిపొడుపు లేదు, చాలా రోజుల తర్వాత దొరికిన చనువు ఉంది. "అయితే ముందు నీకే పూస్తా రా అక్కా. బస్సులో మొగం కమిలిపోయింది చూడు. చిన్నప్పుడు నాకు జడ బిగిచ్చి బిగిచ్చి ఏడిపిచ్చినావు గదా, ఇప్పుడు నా చేతికి చిక్కినావు."

అమ్మ నవ్వింది. నవ్వుతూనే ముఖం ఎత్తి కళ్లు మూసుకుంది. అమ్మ ఒప్పుకుంది. ఆ మాట ఇప్పటికీ గట్టిగా చెప్పాలనిపిస్తుంది, ఎందుకంటే తర్వాత జరిగింది ఆమె కావాలని చేసింది కాదు.

చిన్నమ్మ రెండు వేళ్లతో మట్టి తీసుకుని చేయి చాచింది. అమ్మ ముఖం వెనక్కి పోయింది. ఎంతో కాదు. మూసిన కళ్లతోనే, ఆ చేయి దగ్గరికి వచ్చిన సంగతి ఎట్లా తెలిసిందో గానీ, మెడ దానంతట అదే జరిగింది. వేళ్లు ఇంకా తగల్లేదు.

చిన్నమ్మ చేయి అక్కడే ఆగింది.

"చల్లగుందా అక్కా?" అంది. "కుండ పక్కన పెట్టింటి గిన్నెను. తగిలితే ఎవురైనా ఎనక్కి పోతారు."

అమ్మ కళ్లు తెరిచింది. మట్టి చిన్నమ్మ వేళ్ల మీదే ఉంది. అమ్మ చెంప మీద చుక్క కూడా లేదు. అది ముగ్గురం చూశాం.

"అవును మే," అంది అమ్మ చాలా మెల్లగా. "చల్లగుంది."

చిన్నమ్మ గిన్నెను అమ్మ చేతికిచ్చింది. "నువ్వే పూసుకో, నిదానంగా. కనుబొమ్మలకు తగలనీకు, కడిగేటప్పుడు ఊడొస్తాయి." అమ్మ తొందరగా పూసుకుంది. దాని వెనక దాక్కుంటే చాలన్నట్టుంది.

తర్వాత చిన్నమ్మ నా వైపు తిరిగింది. నేను ముఖం ఎత్తాను. వెనక్కి పోకూడదని మెడ బిగబట్టాను. అట్లా బిగబట్టాల్సి వచ్చిందనేది కూడా నిజం. నెలపాటు ఆమె చేతివంట తిన్నాను, ఆమె పక్కన కూర్చుని నవ్వాను, నన్ను ముట్టుకోమని నేనే అడిగాను. అయినా ఆ తెల్లటి వేళ్లు దగ్గరికి వస్తుంటే నా మెడ రాయిలా అయింది. మట్టి నుదుటికి తగిలింది. అంత చల్లగా ఏమీ లేదు.

"మెడ వదులు పాపా," అంది చిన్నమ్మ నా చెవి దగ్గర, అమ్మకు వినపడకుండా. "నొప్పి పెడ్తాది."

ముగ్గురం మట్టి పూసుకుని కూర్చున్నాం. ఎవరూ మాట్లాడకూడదు గనుక ఎవరూ మాట్లాడలేదు. ఆ నియమం ఆ రోజు మా ముగ్గురినీ కాపాడింది. నా ముఖం మీదా చిన్నమ్మ ముఖం మీదా మట్టి ఆరిపోయింది. అమ్మ కళ్ల కింద మాత్రం ఎంతసేపటికీ ఆరలేదు.

తిరుగు బస్సులో అమ్మ ఆళ్లగడ్డ దగ్గరపడేదాకా కిటికీలోంచి బయటికే చూసింది. అప్పుడు, నాతో అన్నట్టు కాకుండా, "చిన్నప్పుడు నా పక్కలోనే పండుకునేది," అంది. ఆ తర్వాత నంద్యాల వెళ్లినప్పుడల్లా అమ్మ అక్కడ నీళ్లు తాగింది, అన్నం తింది. చెల్లెలి ముఖం చూసి మాట్లాడటం నేర్చుకుంది. దానికే చాలా ఏళ్లు పట్టింది. ఇంకో ఆదివారం ముఖం ఎత్తి కూర్చునే ధైర్యం మాత్రం చేయలేదు. చిన్నమ్మా మళ్లీ పిలవలేదు.

చిన్నమ్మ తన అవమానాన్ని పక్కన పెట్టి, ఎదుటి మనిషి సిగ్గును కప్పడానికి ఒక అబద్ధం వెతికిన ఆ క్షణం గురించి నేను చాలాసార్లు ఆలోచించాను. అది మంచితనమా, లేక ఏళ్ల తరబడి అలవాటైన బతకనేర్పా అనేది తేల్చుకోలేదు. చివరి రోజుల్లో ఆమె ఆసుపత్రి మంచం మీద ఉన్నప్పుడు, చూడటానికి వచ్చిన బంధువులు రెండడుగుల దూరంలో ఆగిపోయేవాళ్లు. "ఈడ ఫ్యాను గాలి రాదు, ఆ పక్క కుర్చీలో కూచోండి," అనేదాన్ని నేను. ఒకసారి చిన్నమ్మ నా వైపు తిరిగి, నేనేం చేస్తున్నానో తెలిసినట్టు చూసింది. నాకు తల ఎత్తాలనిపించలేదు.

ఇప్పుడు మా మనవరాలు సెలవుదినాల్లో ట్యూబులోంచి మట్టి పిండుకుని ముఖానికి పూసుకుంటుంది. మొన్న "అవ్వా, నీకూ పూస్తా రా" అని నన్ను కూర్చోబెట్టింది. దాని చేతికి ఏ మచ్చా లేదు. నాకు భయమూ లేదు. అయినా వేళ్లు దగ్గరికి వచ్చేసరికి నా మెడ బిగుసుకుంది. ఎవరి చేయి నా ముఖం వైపు వచ్చినా ఇంతే. ఆ బిగువు బయటికి ఎవరికీ కనపడదు. చేయి తగిలేలోపే దాన్ని నేనే వదిలించుకోవాలి. ఇన్నేళ్లలో ఒక్కసారి కూడా అది దానంతట అది వదల్లేదు.