తెర ముందు నేనొక్కడినే

ఆ రోజుల్లో నాకు వెన్ను వంగేది కాదు. మా ముత్తాతగారు దివాణం నడిపినవారు. తాతగారు ఏటా తోలుబొమ్మలాట వారికి పట్టుబట్టలు పెట్టినవారు. నేను మాత్రం కాన్‌బెర్రాలో, గంగాలిన్ అనే శివారు పేట నుంచి ట్రామెక్కి ఆఫీసుకెళ్లే కాంట్రాక్టు ఉద్యోగిని. (సీటు దొరక్కపోతే నిలబడటంలోనూ హోదా చూపేవాణ్ని.) జావా నుంచి వచ్చిన సహోద్యోగి ఒకాయన, తమవాళ్లు కమ్యూనిటీ హాల్లో తోలుబొమ్మలతో పురాణం ఆడుతున్నారనీ, మధ్యలో కీబోర్డు పెట్టి హుషారు పాటలు కూడా పాడతారనీ చెప్పి రమ్మన్నాడు. "అది మా ఇంటి వ్యవహారం. నాకు తెలియనిదేముంది?" అన్నాను. పక్కనే ఉన్న మేనేజరమ్మ ఆ మాట విని తానూ వస్తానంది. ఇక అక్కడ తడబడితే పోయేది మా వంశం పరువే.

హాల్లో తెల్లటి తెర ముందు కుర్చీలన్నీ ఖాళీ. నట్టనడుమ కుర్చీలో కూర్చుని ఆట చూడటం తాతగారి పద్ధతి. నేనూ అలాగే కూర్చున్నాను. ఆట మొదలైనా నా వరుసలోకి ఎవరూ రాలేదు. మర్యాదంటే ఇదీ అనుకున్నాను. తెర మీద నల్లటి నీడలు (మావాటికి రంగులుండేవి), అవతల నుంచి గంటల మోత, కీబోర్డు, ఈలలు. అంతలో నాకంటే ముందే వచ్చిన నా రూమ్మేట్, వరంగల్ అబ్బాయి, తెర పక్కనుంచి తల బయటపెట్టాడు.

"దొరా, ఆడ ఒక్కనివే ఏం చేస్తున్నవ్? పబ్లిక్ అంతా ఇటే ఉన్నరు. జావావాళ్లు బొమ్మలాడించేటోని దిక్కు కూసోనే చూస్తరంట. సింగర్స్, ఫుడ్, అన్నీ ఈ సైడే. మేనేజర్ నిన్నే అడుగుతున్నది."

లేస్తే ఒక అవమానం, కూర్చుంటే ఒక అవమానం. మా అలికిడికి ఆడించేవాడికి సంగతి తెలిసిపోయిందేమో, తెర పైనుంచి బానపొట్ట హాస్యగాడి బొమ్మ ఒకటి తొంగి చూసి ఇంగ్లీషులో పలకరించింది. "రాజావారూ, మీరొక్కరే మిగిలారా? ప్రజలంతా మా వైపు పారిపోయి వచ్చారు."

తెర వెనక కీబోర్డు ఆగింది. మా దివాణం ముందు కూడా హాస్యగాడి బొమ్మ తాతగారిని వెక్కిరించేదట. ముందు ఆయన నవ్వాలి, ఆ తర్వాతే ఊరు నవ్వాలి. అది గుర్తొచ్చి నవ్వాను. వెంటనే హాలంతా నవ్వింది. గుండె తేలికై అటు వెళ్లేసరికి మేనేజరమ్మ చప్పట్లు కొడుతోంది. "నిన్ను అక్కడ కూర్చోబెట్టడం కూడా ఆటలో భాగమేనా? బాగా చేశావు."

అవునన్నాను.

ఇప్పుడు అలాంటి ఆటలకు వెళితే తిన్నగా జనంలోకి పోయి, పిల్లల వెనక చాప మీద కూర్చుంటాను. వెన్ను కొంచెం వంగింది, హాయిగానే ఉంది. తాతగారు బొమ్మలాట చూసిన టేకు కుర్చీని, నేను బళ్లో చదివే రోజుల్లోనే నాన్నగారు అమ్మేశారు.