గోడ అవతలి ఆట

మా అక్క పోయిన దగ్గర్నుంచీ ఇంటికి వచ్చినవాళ్లందరిదీ ఒకటే మాట. "పాపం, ఎంత ఓపికమనిషి." నేను టీ గ్లాసు చేతికిచ్చి ఊరుకుంటున్నాను. నలుగురిలో నాకు నోరు పెగలదు. చదివింది అయిదో తరగతే అయినా రాయడానికి నోటితో పని లేదు కాబట్టి రాస్తున్నాను. మా అక్కకి ఓపిక లేదు. ఓపిక పట్టడమనే పని ఆవిడ చేయగా నేనెప్పుడూ చూడలేదు. కోపం ఉండేది, పంతం ఉండేది, కత్తెర ఉండేది. వాటితోనే బతికింది. పోయిన మనిషి మీద లేని మంచితనం కప్పితే ఆ మనిషిని రెండోసారి చంపినట్టే. అది నేను ఒప్పుకోను.

అక్క అంటే తోడబుట్టింది కాదు, తోడికోడలు. మా బావగారి భార్య. నేను ఈ ఇంట్లో అడుగుపెట్టిన రోజున, భుజాల దగ్గర నా బట్ట పట్టేసి ఉండడం చూసి ఆవిడన్న మొదటి మాట, "ఎవరే కుట్టింది? కొలతలు నీవి తీసుకున్నారా, వాళ్లమ్మవి తీసుకున్నారా?" వారం తిరక్కుండా నా బట్టల కుట్లన్నీ విప్పి, ఊపిరాడేలా చేసి మడతపెట్టి ఇచ్చింది. నేను ఏడ్చాను. "బట్ట వదులైతే ఏడుస్తావేంటే, పిచ్చిదానా" అని కసిరింది.

ఆవిడ కొత్త బట్టలు కుట్టేది కాదు. వీధి మలుపులో ఆవిడది ఆల్టరేషన్ కొట్టు. రెడీమేడ్‌వి కొనుక్కుని, ఒంటికి పట్టక తెచ్చుకునేవాళ్లు. పొడుగైతే మడిచేది, బిగుతైతే వదులు చేసేది. వీధంతా కత్తెరమ్మ అనేవాళ్లు. మొహం మీద అన్నా పలికేది. "కంపెనీవాడు నన్ను చూసి కుట్టాడా? చూడకుండా కుట్టినవాడి మాట నేనెందుకు వినాలి?" అనేది.

బట్టలతో ఆగితే ఇంట్లో గొడవ ఉండేది కాదు. వంటగదిలో బల్ల ఆవిడకి ఎత్తైంది. పెళ్లయిన కొత్తలోనే రంపం తెచ్చి దాని కాళ్లు కోయడం మొదలుపెట్టింది. మామగారు గుమ్మంలో నిలబడి, "అది మా నాన్న చేయించిన బల్లమ్మా" అన్నారట. "ఆయన వంట చేసేవారా మామయ్యా?" అని అడిగి, మిగిలిన కాలు కూడా కోసేసిందట. ఆ బల్ల ఇప్పటికీ కాస్త ఊగుతుంది. ఎవరైనా ఆ మాటంటే, "ఊగనీ. నా ఎత్తు తగ్గేది కాదు, దాని ఎత్తు తగ్గింది" అనేది.

ఇప్పుడు ఆట సంగతి.

పెళ్లికి ముందు, పదిహేనేళ్ల వయసులో, అక్క ఒక టైలర్ మాస్టారి దగ్గర పని నేర్చుకునేది. ముందు కాజాలు, తర్వాత మిషను మీద అంచులు. ఆ కొట్టుకి ఆనుకుని వీడియో గేముల కొట్టు. ఒకే ఒక్క టీవీ, ఒకే ఒక్క ఆట క్యాసెట్టు, దాని ముందొక బెంచీ. డబ్బులిచ్చి కూర్చుని ఆడాలి. రెండు కొట్లకీ మధ్య పలచటి గోడ. మధ్యాహ్నమంతా ఆ గోడలోంచి ఒక పాట వస్తూ ఉండేది. నాలుగు మెట్లు ఎక్కినట్టు ఎక్కి, ఒక మెట్టు జారి, మళ్లీ ఎక్కే పాట. మాటలు లేవు. అక్క దాని లయకే మిషను తొక్కేది. సాయంత్రం మగపిల్లల గోల మొదలయ్యే వేళకి మాస్టారు ఆవిడని ఇంటికి పంపేసేవారు. అందుకని ఆవిడకి తెలిసింది మధ్యాహ్నపు పాటే.

ఒకరోజు భోజనం వేళ గుప్పిట్లో చిల్లర పట్టుకుని వెళ్లింది. గుమ్మానికి దళసరి తెర. దాన్ని పక్కకి తియ్యనివ్వకుండా పట్టుకుని నిలబడ్డాడు ఆ కొట్టాయన.

"ఖాళీ లేదు."

"ఎప్పుడవుతుంది?"

"నీకెప్పుడూ అవదు. ఆడపిల్లకి ఇక్కడేం పని?"

తెర అవతల ఆ పాట మోగుతూనే ఉంది. వెనక్కి వచ్చి మిషను తొక్కింది. తర్వాత ఆ కొట్టు మూసేశారు, ఆవిడకి పెళ్లయింది, ఇద్దరు ఆడపిల్లలు పుట్టి వాళ్లకీ పెళ్లిళ్లయ్యాయి. కాలు మాత్రం ఆ పాట మానలేదు. మిషను మీద కూర్చుంటే అదే తొక్కుడు. అదేదో పాత సినిమా పాట అనుకునేదాన్ని. ఒకసారి అడిగితే ఇదంతా చెప్పింది. చెప్పి, "చచ్చేలోపు గోడ అవతల ఏముందో చూడాలే. ఏ ఆట కోసం నన్ను బయట నిలబెట్టాడో ఒక్కసారి చూడాలి" అంది. ఇప్పుడా మిషను మీద దుప్పటి కప్పి ఉంది. తీద్దామని కొట్టు దాకా వెళ్తున్నాను, తియ్యలేక వచ్చేస్తున్నాను.

రెండేళ్ల కిందట ఒక దుకాణం అద్దంలో ఆవిడకి ఒక పెట్టె కనిపించింది. పాతకాలం ఆటల పెట్టెకి పిల్లలాగా, సబ్బుపెట్టెంత ఉంది. లోపల పాత ఆటలన్నీ ముందే పెట్టి ఉంటాయట. ఆలోచించకుండా కొనేసింది. టీవీకి తగిలించి, ఉన్నవన్నీ ఒకటొకటిగా తెరిచి పాటలు విన్నాం. ఏదీ అది కాదు.

సోఫాలో ఉన్న బావగారు పేపరు దించారు. "మోకాళ్ల నొప్పికి మందు కొనుక్కోమంటే పిల్లల బొమ్మ కొన్నావు. తీరిందా సరదా?"

"తీరలేదు. మీరు అడ్డం రాకండి."

"నేనెక్కడ అడ్డమొచ్చాను? సోఫాలో ఉన్నాను."

"అదే. టీవీకి అడ్డం మీ సోఫాయే."

మర్నాడు నన్ను వెంటేసుకుని, మా వీధిలో కంప్యూటర్లు బాగుచేసే అమ్మాయి దగ్గరికి వెళ్లింది. పెట్టె ఆ అమ్మాయి ముందు పెట్టింది.

"ఇందులో ఉన్నవి కాక వేరే ఆట పెట్టొచ్చా అమ్మాయ్?"

"కంపెనీవాళ్లు మూసేసి ఇచ్చారు ఆంటీ. పెట్టకూడదు."

"కూడదా, కుదరదా?"

ఆ అమ్మాయి నవ్వింది. "కుదురుతుంది. కొంతమంది సరదాకొద్దీ ఇంట్లో కూర్చుని ఒక ప్రోగ్రాం రాసి, అందరికీ ఊరికే ఇచ్చారు. హోమ్‌బ్రూ అంటారు దాన్ని. దాంతో తెరవచ్చు. గ్యారంటీ పోతుంది మరి."

"ఇంట్లో కూర్చుని, ఊరికేనా?" అక్క నా వైపు తిరిగింది. "మన జాతేనే వీళ్లు." మళ్లీ అటు తిరిగి, "సరే, లోపల గుడ్డ వదిలారా?"

ఆ అమ్మాయికి అర్థం కాలేదు. కుట్టు లోపల కాస్త గుడ్డ మిగిల్చి ఉంటేనే బిగుతు బట్టని వదులు చేయడానికి వీలవుతుంది. లేకపోతే కత్తెరమ్మ అయినా ఏమీ చెయ్యలేదు. "జాగా మిగిలిందా అని అడుగుతోంది" అన్నాను.

"ఓ, అదా. చాలా మిగిల్చారు ఆంటీ. ఇప్పుడున్నవాటికి ఎన్నో రెట్లు పడతాయి."

"చూశావా. గుడ్డ వదిలాడంటే విప్పుకోమనే. పైకి మాత్రం కూడదంటాడు. విప్పేద్దాం."

"ఏ ఆట కావాలి?"

"పేరు తెలీదు."

"పోనీ, ఎలా ఉంటుందో చెప్పండి."

"చూస్తేగా చెప్పడానికి." అక్క బల్ల కింద కాలు ఆడిస్తూ గొంతులో ఆ పాట తీసింది. ఆవిడకి పాట రాదు. మిషను పాడినట్టే ఉంది.

"నేనప్పటికి పుట్టలేదాంటీ" అంది ఆ అమ్మాయి, నవ్వాపుకుంటూ. అయినా లోపలికి వెళ్లి, దుమ్ముపట్టిన అట్టపెట్టె ఒకటి తెచ్చింది. ఎవరో వదిలించుకున్న పాత ఆట క్యాసెట్లు. వాటిలో ఉన్నది కంప్యూటర్లోకి ఎక్కించే పరికరం కూడా తన దగ్గర ఉందట. ఆ కాలంవే ఇవన్నీ, ఉంటే ఇందులోనే ఉండాలి అంది. అక్క ఆ అట్టపెట్టె మొత్తం బేరమాడి కొనేసింది.

ఆదివారం మధ్యాహ్నం ఆ అమ్మాయి లాప్‌టాప్ పట్టుకుని మా ఇంటికి వచ్చింది. పెట్టెని వైరుతో దానికి తగిలించింది. కంప్యూటరు గుర్తుపట్టలేదు. తీసి మళ్లీ తగిలించింది. ఊహూఁ.

"చెప్పానా" అన్నారు బావగారు.

"ఏం చెప్పారు? ఇప్పటిదాకా ఏమీ చెప్పలేదు మీరు."

తప్పు వైరుదని తేలింది. అది ఛార్జింగ్‌కి మాత్రమే పనికొచ్చే వైరు, కరెంటు తప్ప ఇంకేదీ మొయ్యదట. నా ఫోను వైరు తెచ్చిస్తే పనిచేసింది. రీసెట్ బటన్ నొక్కి పట్టుకుని, అలాగే స్విచ్ వెయ్యాలి అంది ఆ అమ్మాయి. "నేను నొక్కుతా" అని అక్క ముందుకొచ్చింది. సూదులు గుచ్చుకుని గట్టిపడిన బొటనవేలితో, చెప్పేదాకా వదల్లేదు.

"పాడైతే?" బావగారి అనుమానం.

"ఈ ప్రోగ్రాం ముందు లోపల ఉన్నది ఉన్నట్టు నకలు తీసుకుంటుంది అంకుల్. తేడా వస్తే వెనక్కి పెట్టేసుకోవచ్చు. కానీ కొత్తది ఎక్కేటప్పుడు వైరు కదిలిందా, పెట్టె మళ్లీ లేవకపోవచ్చు."

"విప్పేముందు సుద్దతో గీత గీసుకున్నట్టు" అని అక్క తల ఊపింది. వెంటనే బావగారిని చూసి, "మీ కాళ్లు పైన పెట్టుకోండి" అంది. పనయ్యేదాకా ఆయన సోఫా మీద మఠం వేసుకుని కూర్చున్నారు, పసిపిల్లాడిలా. అక్క వైరుకి కాపలా కూర్చుంది. నేను గాలి కూడా గట్టిగా పీల్చలేదు.

ఆటలు ఎక్కాయి. పెట్టెని టీవీకి మార్చి, ఆ అమ్మాయి ఒక్కొక్కటే తెరవడం మొదలుపెట్టింది. అక్క టీవీకి చెవి ఆనించినంత దగ్గరగా కూర్చుంది. పాట మొదలవడం, ఆవిడ వినడం, "కాదు." ఇంకొకటి. "కాదు." అట్టపెట్టె క్యాసెట్లన్నీ అయిపోయాయి. ఒక్కటీ అది కాలేదు.

"ఆంటీ, ఇన్నేళ్లయింది కదా. అసలు మీకు సరిగ్గా గుర్తుందా?" పాపం, మెల్లిగానే అడిగింది ఆ అమ్మాయి.

అక్క మొహం నల్లబడింది.

"వదిలెయ్. ఉన్నవాటిలో ఏదో ఒకటి ఆడుకో" అన్నారు బావగారు. ఆయనా మెల్లిగానే అన్నారు.

అక్క లేచి స్నానాలగదిలోకి వెళ్లి తలుపేసుకుంది. కుళాయి చప్పుడు వినిపించింది. నేను గ్లాసులు ఏరుతున్నాను. ఆ అమ్మాయి ఊరికే కూర్చోలేక, ఎక్కినవి సరిగ్గా ఎక్కాయో లేదో చూద్దామని మళ్లీ మొదట్నుంచి తెరుస్తోంది. మూడోదో నాలుగోదో తెరిచింది. కుళాయి చప్పుడు ఆగిపోయింది.

"తియ్యకు." లోపల్నుంచి అక్క గొంతు. తలుపు తెరుచుకోలేదు. "అలాగే ఉంచు. కొంచెం సౌండు పెంచు. ఊఁ. ఇదే."

"ఇది ఇందాక మీరు కాదన్నదే ఆంటీ."

"ఇందాక నేను గోడ ఇవతల లేను."

చెవి ఒగ్గితే, తలుపు వెనక తడి నేల మీద పాదం తాళం వేస్తున్న చప్పుడు వినబడింది. అప్పుడర్థమైంది నాకు. ఆ పాట ఆవిడకి ఎప్పుడూ గోడలోంచే వచ్చింది. సన్నటి స్వరాలన్నీ గోడ మింగేయగా మిగిలిన మొద్దు చప్పుడే ఆవిడకి తెలిసిన పాట. దగ్గర కూర్చుని వింటే అది వేరే పాట.

తడి మొహంతోనే వచ్చి టీవీ ముందు నిలబడింది. తెర మీద ఒక కొండ, కొండ కింద చిన్న మనిషి, పైన పెద్ద అక్షరాలు. ఆ మనిషి కదలడం లేదు. పాట ఎక్కి, జారి, మళ్లీ ఎక్కుతోంది.

"ఇదా? ఇదేనా వాళ్లు ఆడింది? వాడు నడవడేంటి?"

"ఆట ఇంకా మొదలవలేదాంటీ. స్టార్ట్ నొక్కేదాకా ఈ బొమ్మ ఇలాగే ఉంటుంది, ఈ పాటే తిరుగుతుంటుంది. నొక్కితే పాట మారిపోతుంది."

"అంటే ఈ పాట మోగుతోందంటే..."

"ఎవరూ ఆడట్లేదని. ఎవరైనా వచ్చి నొక్కుతారేమోనని అలా మోగుతూ ఉంటుంది."

పాట తిరుగుతూనే ఉంది.

"ఖాళీ లేదన్నాడు" అంది అక్క. మాలో ఎవరితోనూ కాదు. "మధ్యాహ్నం మధ్యాహ్నమంతా ఇదే మోగేది. అంటే ఆ బెంచీ మీద నరమానవుడు లేడు. అది రమ్మని పిలుస్తూనే ఉంది, వాడు తెర పట్టుకుని నిలబడ్డాడు."

"పోనీలే" అన్నారు బావగారు. "ఎప్పటి మాట అది."

"ఎప్పటిదైనా నాదే కదండీ. పోనివ్వను."

ఏడుస్తుందనుకున్నాను. కొట్టులో కూర్చునే పొట్టి స్టూలు లాంటిదే ఇంట్లోనూ ఒకటుంది, దాన్ని కాలితో టీవీ ముందుకి జరుపుకుంది. కూర్చుని చెయ్యి చాచింది. ఆ అమ్మాయి రిమోటు లాంటిది అందించి, ఏది గెంతడానికో, ఏది నడవడానికో చూపించింది.

అక్క స్టార్ట్ నొక్కింది. పాట ఆగిపోయి, ఇంకోటి, హుషారైనది మొదలైంది. చిన్న మనిషి నడిచాడు. నాలుగడుగులు వేసి, మొదటి గుంటలోనే పడ్డాడు. మళ్లీ నొక్కింది. మళ్లీ అదే గుంట. గెంతాల్సినప్పుడు చేతిలోది వదిలేసి తనే స్టూలు మీద ఎగిరింది. బావగారు పగలబడి నవ్వారు.

"ఈ గుంటలో పడడానికా ఇంత రాద్ధాంతం?"

"పడనీండి. ఆ మగపిల్లలు మాత్రం పుట్టగానే గెంతారా? వాళ్లని పడనిచ్చారు, నన్ను పడనివ్వలేదు. అంతే తేడా."

ఆయనకి నవ్వు ఆగిపోయింది. ఆ అమ్మాయి లాప్‌టాప్ సర్దుకుని వెళ్లిపోయింది. ఎండ గోడ దిగింది. వంట వేళ అయిందని బావగారు గడియారం వైపు చూశారు, తర్వాత అక్క వైపు చూశారు. నేను లేవబోయాను. అక్క తెర మీంచి చూపు తిప్పకుండా నా మోకాలి మీద చెయ్యి వేసి నొక్కింది.

"నువ్వు కూర్చోవే. నా తర్వాత నీ వంతు."

బావగారే లేచి వెళ్లారు. గిన్నెలు చప్పుడయ్యాయి. కాసేపటికి ఊగే బల్ల దగ్గర్నుంచి కేక, "ఉప్పెక్కడ పెట్టావు?"

"వెతుక్కోండి" అంటూనే మొదటి గుంట దాటేసి, రెండో గుంటలో పడింది అక్క.