సైదులు సైకిల్ చైను

2022. వానాకాలం వడ్లు మిల్లులకొచ్చే రోజులు. మిర్యాలగూడ స్టేషన్ రోడ్డు పొడుగూతా లారీలు ఆగి ఉన్నయి. ఊక దుమ్ము నా దుకాణం లోపలి దాక వచ్చి పడుతున్నది. నాది సైకిల్ రిపేరు దుకాణం. సూర్యాపేటల మా మేనమామ దగ్గర పని నేర్చుకొని, పెండ్లయినంక ఇక్కడ షెడ్డు కిరాయికి తీసుకున్న. అప్పట్ల మిల్లు సైరన్ కొడితే రోడ్డు నిండ సైకిళ్లే. బెల్లుల సప్పుడుకు పక్కనోడి మాట ఇనపడకపోయేది. ఇప్పుడు అందరికీ బండ్లొచ్చినయి. నా దగ్గరికి పాలోళ్లు, బడిపిల్లలు, నా అసొంటి పాతోళ్లు వస్తరు. ఆ రోజులు యాదికొస్తే మనసు గుంజుతది, అబద్ధమెందుకు.

సైదులు నాకు ఆ కాలం గిరాకీ. మిల్లుల బస్తాల మూతులు కుట్టేటోడు. దబ్బనం పట్టిండంటే సుతిలి ఎటు పోయి ఎటు వస్తున్నదో కండ్లకు అందకపోయేది. నిరుడు పక్షవాతం వచ్చి కుడి పక్క పడిపోయింది. కాలు కొంచెం కొంచెం తిరిగొచ్చింది గానీ చెయ్యి రాలే.

ఒకరోజు పొద్దున షట్టరు లేపుతుంటే ఆయన భార్య పద్మ వచ్చింది. ఆమె పుట్టిల్లు కోదాడ, అందుకే మాటల ‘అండీ’లు ఎక్కువ.

‘అన్నయ్యా, రేపు మా ఆయన సైకిలు తీసుకొని వస్తారు. కాలు కొంచెం వచ్చింది కదా, మళ్లీ తొక్కుతానని పట్టు. కొత్త చైను వెయ్యమంటారు. మీరు వెయ్యొద్దు. దొరకట్లేదని చెప్పండి. పాతదే ఆయన చేత కడిగించండి.’

‘కడుగుడు నా పని గదా చెల్లె. ఆయనెందుకు కడుగాలె?’

‘ఆసుపత్రిలో రబ్బరు బంతి ఇచ్చి, రోజూ పిసుకుతుంటే వేళ్లు వస్తాయన్నారు. నేనేమన్నా చంటిపిల్లాణ్ణా అని దాన్ని అటక మీద పడేశారు. సైకిలు పనంటే కాదనరు, వేళ్లూ ఆడతాయి. నేను కలిపి నోట్లో పెడితే తప్ప అన్నం తినరు. అది కూడా తలుపేసుకునే. సొంత తమ్ముడి కూతురి పెళ్లికి కూడా రాలేదు. పంక్తిలో ఎడమ చేత్తో తింటే నలుగురూ చూస్తారని.’

అట్ల చెప్పి కొంగుతోటి కండ్లు తుడుసుకున్నది. సరేనన్న. అనకుండ ఎట్లుంటం? కాకపోతే నాకు అబద్ధమాడుడు రాదు. మేకుకు వేలాడేసిన కొత్త చైన్లు తీసి గోనెసంచి కింద దాసిపెట్టిన, దొంగసొమ్ము లెక్క.

మర్నాడు సైదులు వచ్చిండు, ఎడమ చేత్తో సైకిల్ నడిపించుకుంట, కాలు ఈడ్సుకుంట. చైను చూసి తల కొట్టుకున్న. ఏడాది వాన తాగి కట్టె లెక్క బిగుసుకపోయింది. దాని మీద పాత ఆయిలు, ఊక దుమ్ము కలిసి నల్లటి ముద్ద. మా ఊరోళ్లకిదొక అలవాటు. లారీలల్ల తీసిన కాలిన ఆయిలు ఊకెనే దొరుకుతదని డబ్బాలతోటి పోస్తరు. మిల్లు దుమ్మంత దానికే అతుక్కుంటది. ఎన్నిసార్లు చెప్పినా ఒక్కడు ఇనడు.

‘కొత్తదెయ్యి మిస్త్రీ’ అన్నడు సైదులు.

‘మాల్ రాలే సైదులూ. పాతదే కడుక్కోవాలె. నాకు వేరే పనుంది, నువ్వే జర కూసొని కడుగు.’

అంతల ఒక పాలాయన వచ్చి చైను కావాలన్నడు. లేదన్న. ‘మొన్న గా మేకుకు తగిలేసినవ్ గదనే?’ అన్నడు. అమ్ముడుపోయినయన్న. ఆయన గొణుక్కుంట ఇంకో దుకాణానికి పోయిండు. పాయె, ఉన్న గిరాకీ పాయె.

సైదులు నన్నే చూస్తున్నడు. ‘పద్మ వచ్చిందా?’ అని అడిగిండు.

నేను గోనెసంచి దిక్కు చూసిన. కోపమొచ్చి తిరిగి పోతడనుకున్న. పోలే. బల్ల మీద కూసొని, ‘బ్రష్షియ్యి’ అన్నడు.

చైను కడుగుడు తెల్వనోళ్ల కోసం చెప్తున్న. చైను రెండు కొసలను కలిపే సన్న బిళ్ళ ఒకటుంటది, దాన్ని లాకు అంటం. అది ఊడదీస్తే చైను చేతికొస్తది. ఇదివరకు కిరసనాయిల్ల నానేస్తుంటిమి. రేషన్ల అది బందయినంక డీజిలే దిక్కు. ఒక పూటంత నానినంక బ్రష్షుతోటి ముద్ద గీకాలె. ఇగ అసలు పని తర్వాత ఉంటది. ఒక్కొక్క లింకును రెండు వేళ్ల నడుమ పట్టి, అటు వంచి ఇటు వంచి వదులు చెయ్యాలె. తొందరపడి బలంగ గుంజితే పిన్ను వంకరపోతది. ఆఖరికి గుడ్డతో తుడిచి, ఎండకు ఆరబెట్టి, కుట్టుమిషన్ ఆయిలు లింకుకొక సుక్క. పైన మిగిలింది తుడిచెయ్యాలె. అంతే.

నేనైతే సాయంత్రానికి ఖతం చేస్త. సైదులుకు మొదటి రోజు ఒక్క లింకు కూడ కదల్లే. వేళ్లు పట్టుకుంటలెవ్వు, చైను జారి డీజిల్ల పడుతున్నది. పండ్లు కొరుకుడు, మళ్ల తీసుడు. నా చెయ్యి ఊకుండది గదా. చూసి చూసి, ‘ఇటియ్యి, నేను చేస్త’ అని గుంజుకోబోయిన.

‘నువ్వు చేస్తే నీ చెయ్యి మంచిగైతది. నాకేమొస్తది?’ అన్నడు.

సిగ్గనిపించింది. అప్పటిసంది ఆయన దిక్కు చూడకుండ టైర్లు, ట్యూబులతోటి కుస్తీ పట్టిన. రోజూ వచ్చేటోడు. పద్మ అన్నం టైముకొచ్చి ఇంటికి తీసుకపోయేది. ఒకనాడు ‘కదిలింది’ అన్నడు, మెల్లగ. పోయి చూస్తే ఒక లింకు వంగుతున్నది. చూపుడు వేలు, బొటనవేలు కలిసి పట్టుకున్నయి. ఇద్దరం చాయ తాగినం. ఆనాటి చాయ రుచి వేరు.

కోతలు అయిపోయేసరికి చైను మొత్తం వదులయింది. నేను లాకు వేసిన. సైదులు కుడి చేత్తో పెడలు తిప్పిండు. వెనుక చక్రం గిర్రున తిరిగింది. తొక్కుడు ఆయన వల్ల కాదని మా ఇద్దరికీ తెలుసు, కాలు ఇంక ఈడుస్తనే ఉన్నడు. కానీ ఆయన మొఖంల సంతోషం ఆగలే.

అప్పుడే పద్మ వచ్చింది. ఆ రోజు ఆలస్యమయితదని టిఫిను డబ్బా తెచ్చింది. దుకాణంల ఇద్దరు ముగ్గురు గిరాకీలున్నరు. ఆమె ఎవ్వరికి కనపడకుండ ఆయనను గోడ దిక్కు తిప్పి కూసోబెట్టింది, పప్పు కలపబోయింది. సైదులు డబ్బా తన దిక్కు గుంజుకున్నడు. అందరి దిక్కు మళ్లి కూసున్నడు. కుడి చెయ్యి అన్నంల పెట్టిండు.

‘అయ్యో, డీజిల్ కంపు! సబ్బుతో కడుక్కొని తినండి’ అన్నది పద్మ.

‘ఇప్పుడు లేస్తే మళ్ల ధైర్యం రాదు. తిననియ్యి’ అన్నడు.

ముద్ద సగం ఒళ్ళో పడ్డది. ఆమె చెయ్యి దానంతటదే ముందుకు పోయింది. ‘ఉండు చెల్లె’ అన్న. ఆగింది. చేతులు రెండూ ఒళ్ళో కట్టుకొని, ఏడుసుకుంట కూసున్నది. రెండో ముద్ద కూడ పడ్డది. మూడోది నోట్లకు పోయింది. గిరాకీలు చూస్తనే ఉన్నరు. ఆయన తల దించలే.

ఇన్నేండ్లు రిపేరంటే నా చేతులతోటి చేసేదే అనుకున్న. కొన్నిటికాడ మనం చేతులు కట్టుకొని కూసోవాలె, అదే కష్టమైన పని. సైదులు దగ్గర నేర్చుకున్న. నాకది ఇంకా సరిగ్గ రాలే.