ఈరన్న ఎద్దును అమ్మిన సాయంత్రం

కదిరి తాలూకాలో నాటకం రుచి తెలిసిన వాళ్ళలో గొల్లపల్లె ఈరన్న పేరు విననివాడు లేడు. బడి చదువు ఐదో తరగతితో ముగిసింది గానీ, రంగస్థలం మీద చదువు మాత్రం తల నెరిసేదాకా సాగింది. పసితనంలోనే చెలికత్తె వేషం కట్టాడు. రాణిగారి పక్కన నిలబడి వింజామర వీచాల్సినవాడు నిద్ర ఆగక రాణిగారి ఒళ్ళోకే తూలిపడ్డాడు. జనం విరగబడి నవ్వారు. చెవి మెలిపెట్టడానికి లేచిన హార్మోనియం అయ్యవారు ఆ నవ్వు విని మళ్ళీ కూర్చున్నాడు. “వీడు హాస్యానికే పుట్టినాడప్పా” అన్నాడు. ఆ మాటే ఈరన్నకు నుదుటిరాత అయింది.

అక్కణ్ణుంచి వెనుదిరిగి చూసింది లేదు. పిరికి భటుడు, దొంగ సన్యాసి, చెవిటి మామ, తిండిపోతు పురోహితుడు, ఏ వేషమైనా ఈరన్న కడితేనే అందం. పులివెందుల తిరణాలలో వెండిపూత కప్పు కొట్టాడు. హిందూపురం పోటీలలో శాలువా కప్పించుకున్నాడు. ముదిగుబ్బలో నాటకం నడుమ వాన కురిస్తే, జనం ఈతచాపలు నెత్తిన కప్పుకొని కూర్చున్నారే తప్ప ఒక్కడూ ఇంటికి పోలేదు. సినిమాలోనూ వేశాడు. లేపాక్షి దగ్గర షూటింగు జరుగుతుంటే గుంపులోంచి పిలిచి, “దొరగారు వస్తున్నారహో!” అనే మాట ఇచ్చారు. బొమ్మ ఆడినప్పుడు ఊరు ఊరంతా ట్రాక్టరెక్కి కదిరి పోయింది. తీరా చూస్తే తెర మీద ఈరన్న వీపు కనబడింది, మాట ఇంకెవరి గొంతులోంచో వచ్చింది. అయితేనేం? గొల్లపల్లె నుంచి తెరకెక్కిన మొదటి వీపు అది.

వరసగా వానలు మొగం చాటేయడంతో, గల్ఫ్ యుద్ధం ముగిసిన మరుసటేడు ఈరన్న కతర్ చేరాడు. ముఐథర్‌లో ఒక పెద్ద ఇంట్లో హౌస్ డ్రైవర్ పని. ఆ తర్వాత భార్య అంకాలమ్మ కూడా అదే ఇంటికి వంటపనికి వచ్చింది. గేటు పక్క గదిలో ఇద్దరి కాపురం. పిల్లల్ని బడిలో దింపడం, ఇంటి పెద్దావిడను చుట్టాల ఇళ్ళకు తిప్పడం అతని డ్యూటీ. శుక్రవారం మధ్యాహ్నం నుంచి సెలవు. ఆ సెలవులోనే అతని రెండో వైభవం మొదలైంది.

మెసయీద్ కంపెనీ క్యాంపులో రాయచోటి జానీ ఉండేవాడు. ఉక్కు కర్మాగారంలో పని, చేతిలో ఎప్పుడూ వీడియో కెమెరా. అతను ఈరన్నను క్యాంపుకు తీసుకుపోయి భోజనాల బల్ల మీదికి ఎక్కించాడు. ఈరన్న అక్కడ కట్టిన కథే తర్వాత పెద్ద పేరు తెచ్చింది. ఒక రైతు గానుగెద్దును బండికి కట్టి దోహాకు తోలుకొస్తాడు. దారిలో రౌండబౌటు తగులుతుంది. దాన్ని చూడగానే ఎద్దుకు గానుగ గుర్తొచ్చి గుండ్రంగా తిరగడం మొదలుపెడుతుంది, ఎంతకీ బయటికి రాదు. వెనక కార్లు హారన్లు కొడతాయి. పోలీసు కదలమని “యల్లా! యల్లా!” అంటూ అరుస్తాడు. ఎద్దు మాత్రం ఇంకా నూనె దిగలేదన్నట్టు తలాడిస్తుంది. ఎద్దూ, రైతూ, పోలీసూ, హారనూ అన్నీ ఈరన్నే. జానీ తీసిన ఆ క్యాసెట్టు గది గదికీ కాపీ అయి దోహా అంచున మెసైమీర్ దాకా పోయింది. సెలవు మీద పోయేవాళ్ళ పెట్టెల్లో కదిరి, రాయచోటి కూడా చేరింది. ఈసారి జనం అతని మొగం చూశారు, అతని గొంతే విన్నారు.

ఇంత పేరున్న మనిషికి ఒక్కటే కొరత. అతను నోరు తెరిస్తే నవ్వకుండా విన్నవాడు లేడు. క్యాంపులో ఉండే మక్బూల్‌కు ఊళ్ళో తండ్రి పోయినాడని కబురొస్తే, ఈరన్న పరామర్శకు పోయి పక్కన కూర్చున్నాడు. ఏడుస్తున్న మక్బూల్ తలెత్తి అతని మొగం చూసి ఫక్కున నవ్వేశాడు. ఆ వెంటనే సిగ్గుతో మరింత ఏడ్చాడు. ఈరన్నకు ఆ నవ్వు ముల్లై దిగింది. చనిపోయేలోగా ఒక్కసారైనా ఒక సభ తనను చూసి నవ్వకుండా కూర్చోవాలి. ఆ కోరిక అతను ఎవరికీ చెప్పుకోలేదు. చెబితే నవ్వుతారు కదా!

తొంభై ఆరు ఉగాదికి అవకాశం వచ్చింది. ఎరువుల ఫ్యాక్టరీ ఇంజనీరు కృష్ణప్రసాద్ భార్య లలితకుమారి, తెనాలి ఆడపడుచు, తెలుగువాళ్ళ ఉత్సవానికి ఒక నాటకం రాసింది. కరువుకు తాళలేక రైతు తన ఎద్దును సంతలో అమ్ముకునే కథ. కొనేవాడి వేషం కృష్ణప్రసాద్‌ది. రైతు వేషం కట్టాల్సిన సిద్ధార్థ్‌కు ఫ్యాక్టరీలో షట్‌డౌన్ డ్యూటీ పడింది. నాటకానికి ముందు కాసేపు నవ్వించడానికని పిలిపించిన ఈరన్న ఆ సంగతి విన్నాడు.

“అమ్మా, ఆ రైతు వేషం నాకియ్యండి” అన్నాడు.

లలితకుమారి చేతిలో టీ కప్పు ఆగిపోయింది. “మీరా? తప్పుగా అనుకోకండి ఈరన్న గారూ. మీరు తెరచాటున దగ్గినా జనం నవ్వుతారండీ. ఇది చాలా బరువైన సీను.”

“దానికే అడుగుతాండానమ్మా. నవ్వించి నవ్వించి నాకే మొగం మొత్తింది.”

ఆవిడ టీ కప్పు కింద పెట్టింది. “సరే. కానీ ఒక్క మాటండీ. కింద నుంచి ఎవరేమన్నా సరే, మీరు బదులు చెప్పకూడదు.”

ఇది వినడానికి చిన్న షరతే. కానీ పల్లె నాటకంలో హాస్యగాడి ధర్మం వేరు. రాజు తన పద్యం తాను పాడుకుంటాడు, హాస్యగాడు మాత్రం జనం మాటకు మాట తిప్పికొట్టాలి. పిలిస్తే పలకని హాస్యగాడూ, కూయని కోడీ ఒకటే. పుట్టి బుద్ధెరిగినప్పటి నుంచి పలుకుతూ వచ్చిన నాలుకను కట్టేస్తానని ఈరన్న ఒప్పుకున్నాడు.

అంకాలమ్మకు చెబితే ఆమె గరిటె పక్కన పెట్టి నడుం మీద చెయ్యేసుకుంది.

“నువ్వు జనాన్ని ఏడిపిస్తావా? మన పెండ్లిలో అప్పగింతలప్పుడు ఏడవాల్సిన మాయమ్మ, నీ మొగం సూసి నగె. మా ఇంటాపొంటా అప్పగింతలకి నగింది ఆయమ్మ ఒకతే.”

“ఈసారి నగరు సూడు మే.”

“నగకపోతే నీకు బువ్వ దిగుతాదా?”

అన్నదే గానీ సాధనకు తోడు రాకుండా ఉండలేదు. వంటింటి వెనక ఖాళీ స్థలంలో పలుపుతాడు ఒక కొస ఈరన్న పట్టుకుంటే, రెండో కొస ఆమె పట్టుకొని మొరాయించేది. “ఇన్నేండ్ల కాపురానికి నన్ను ఎద్దును జేస్తివి గదయ్యా” అని సణుగుతూనే, ఎద్దు ఎక్కడ ఆగాలో, ఎక్కడ లాగాలో తనే చెప్పేది. కిటికీలోంచి చూసిన ఇంటి పెద్దావిడ “మజ్నూన్, ఇద్దరూ మజ్నూన్!” అంటూ, వీళ్ళకు పిచ్చి పట్టిందని నుదురు కొట్టుకునేది.

ఉత్సవం రోజు సాయంత్రం, అద్దెకు తీసుకున్న బడి హాలు నిండిపోయింది. ముందు కుర్చీల్లో కుటుంబాలు, పట్టుచీరలు, పిల్లలు. వెనక బెంచీల నిండా జానీ బస్సులో తీసుకొచ్చిన క్యాంపు మనుషులు. ఈరన్న ఆట ఉందని చెప్పి తెచ్చాడే గానీ, ఏ ఆట అన్నది జానీ చెప్పలేదు.

పంచె ఎగ్గట్టి, తలకు తుండు చుట్టి, చేత పలుపు పట్టుకొని ఈరన్న వేదిక మీదికి రాగానే హాలు నవ్వుతో దద్దరిల్లింది. ఎద్దు లేదు, ఉందని చూపించాల్సింది అతనే. “దా నాయనా, దా” అన్న మొదటి మాట ఎవరికీ వినబడలేదు. రెండో మాటకు ఈలలు. మూడో మాట ఎత్తేలోగా వెనక నుంచి ఒకడు అరిచాడు.

“అన్నా, రౌండబౌట్!”

ఇక అందరూ అందుకున్నారు. “రౌండబౌట్! రౌండబౌట్!”

పక్క తెర చాటున లలితకుమారి పెదవుల మీద వేలు పెట్టుకొని నిలబడింది. ఈరన్న నాలుక చివర జవాబు సిద్ధంగా ఉంది. వదిలితే హాలు పడిపడి నవ్వుతుంది, నాటకం అక్కడితో చచ్చిపోతుంది. వదలకపోతే ఈ అరుపులు ఆగవు.

రాసిన ప్రకారం అతను నేరుగా నడిచి, అటువైపు నిలబడిన కొనుగోలుదారు చేతికి ఎద్దును అప్పగించాలి. ఈరన్న అటు పోలేదు. మాట పలక్కుండా పలుపు పట్టుకొని వేదిక మీద గుండ్రంగా తిరగడం మొదలుపెట్టాడు. అడిగినవాళ్ళకు అడిగింది దొరికింది. “యల్లా! యల్లా!” అని హాలంతా పాట పాడింది.

ఒక చుట్టు అయింది. కొనేవాడి ముందుకు రాగానే ఆగి, అతని కాళ్ళ వంక చూసి, మళ్ళీ చుట్టు తిరిగాడు. ఈసారి నడక నెమ్మదించింది. ఎద్దు మెడకింద గంగడోలు నిమిరాడు. జనం నవ్వుతూనే ఉన్నారు గానీ, ఆ నవ్వు పలచబడింది. మళ్ళీ కొనేవాడి ముందుకు వచ్చాడు, మళ్ళీ ఆగాడు, మళ్ళీ తిరిగాడు. అప్పటికి వెనక బెంచీల్లో ఎవరో “ఉండ్రా, ఉండు” అని పక్కవాణ్ణి గద్దించారు. తిరుగుతున్నది ఎద్దు కాదని, పలుపు వదల్లేక రైతే తిరుగుతున్నాడని వాళ్ళకు తెలిసింది. సంతకు ఎద్దును తోలుకుపోయిన వాళ్ళు ఆ బెంచీల్లో చాలామందే ఉన్నారు.

చివరికి ఈరన్న కొనేవాడి ముందు నిలబడి పలుపు చాచాడు. చెయ్యి సాగింది గానీ వేళ్ళు విడలేదు. రెండో చేత్తో ఒక్కొక్క వేలూ తనే విప్పుకున్నాడు. కృష్ణప్రసాద్ తన మాట మరచిపోయి, పలుపు అందుకొని అట్లాగే నిలబడిపోయాడు. హాల్లో ఏసీ చప్పుడు తప్ప ఇంకేమీ లేదు.

ఈరన్న ఆ నిశ్శబ్దాన్ని చెవులారా విన్నాడు.

అప్పుడు వెనక నుంచి ఒక బొంగురు గొంతు లేచింది. “వన్స్ మోర్!”

పల్లె నాటకంలో పద్యం నచ్చితే జనం అలాగే అడుగుతారు. అడిగితే, చచ్చిపడిన రాజు కూడా లేచి పద్యం మళ్ళీ పాడి, మళ్ళీ చావాల్సిందే. ఆ కేక ఎప్పుడూ కిరీటాలకే, హాస్యగాడి దాకా రాలేదు. లోపలికి పోబోతున్న ఈరన్న ఆగి, ఉత్త చేతులు ముందుకు చాపి చూపించాడు.

“అమ్మేస్తి గదప్పా” అన్నాడు మెల్లగా. తుండుతో మొగం తుడుచుకుంటూ లోపలికి వెళ్ళిపోయాడు.

తెర పడిన చాలాసేపటికి గానీ చప్పట్లు రాలేదు. వచ్చాక ఆగలేదు. లలితకుమారి పమిటతో కళ్ళొత్తుకుంటూ ఎదురొచ్చింది. “బదులు చెప్పొద్దన్నాను కదండీ!”

“నేను యాడ జెప్తినమ్మా? రైతు జెప్పె.”

బయట బస్సు దగ్గర క్యాంపు మనుషులు అతన్ని చుట్టుముట్టారు. మక్బూల్ ముక్కు చీదుకుంటూ, “ఏందన్నా ఇది? వారమంతా ఎండలో మాడి నగుదామని వస్తే, ఇట్ల పంపుతావా?” అన్నాడు.

“పంపను లేప్పా” అని ఈరన్న బస్సు మెట్టెక్కాడు. పలుపు చేతికొచ్చాక మాట మరచి నోరు తెరుచుకు నిలబడిన కృష్ణప్రసాద్‌ను అచ్చు దించాడు. జనం మధ్య నిలబడి చూస్తున్న కృష్ణప్రసాదే అందరికన్నా ముందు నవ్వాడు. నవ్వులు విని ఇళ్ళకు పోతున్న కుటుంబాలు కూడా వెనక్కి తిరిగి వచ్చాయి.

కాసేపటికి అంకాలమ్మ చిత్రాన్నం డబ్బా పట్టుకొని గుంపును తోసుకుంటూ వచ్చింది. అతన్ని గోడవారకు లాక్కుపోయి కూర్చోబెట్టి డబ్బా మూత తీసింది. ఈరన్న రెండు ముద్దలు తిన్నాడు. ఉండబట్టక అడిగాడు.

“ఎట్లుండె మే?”

“నీదేముంది, ఊరికే తిరిగితివి” అంది అంకాలమ్మ, ఇంకాస్త వడ్డిస్తూ. “ఎద్దు మాత్రం శానా బాగ జేసె.”