ముప్పై సెకన్ల బొమ్మ

మొన్న గాజువాక వెళ్లే సిటీ బస్సులో నా పక్కన ఒక పెద్దాయన కూర్చుని ఎవరికో మెసేజ్ కొడుతున్నాడు. ఫోన్లో సౌండ్ తీయలేదు. అక్షరానికొక టిక్. నేనూ ఫోన్లో తల దూర్చే ఉన్నాను గానీ ఆ చప్పుడుకి చిర్రెత్తుకొచ్చింది. "సార్, ఆ సౌండ్ ఆపుతారా?" అని గట్టిగా అనబోయాను. అంతలో నాలుగు టిక్కులు, కాస్త ఆగి ఒకటి, మళ్లీ రెండు వినబడ్డాయి. నాకు తెలియకుండానే వేళ్ల కణుపుల మీద లెక్క పెట్టుకోవడం మొదలుపెట్టాను. గాజువాక వచ్చేసింది, ఆయన దిగిపోయాడు, నా నోట్లో మాట నోట్లోనే ఉండిపోయింది. ఇలా చెవితో లెక్క పెట్టడం నాకు నేర్పినవాడు అరకులోయలో ఉండే సుక్రన్న. మీరెవరూ ఆయన్ని చూసి ఉండరు. చూసినా పట్టించుకునేంత ఎత్తు ఉండడు, కరెంటు స్తంభం ఎక్కినప్పుడు తప్ప.

సుక్రన్న కేబుల్ టీవీ లైన్లు చూసేవాడు, పాడైన టీవీలు బాగుచేసేవాడు. పైనున్న కొండ ఊరివాడు. శుక్రవారం పుట్టాడని ఆ పేరు పెట్టారట. సాలూరులో ఒక రేడియో షాపులో ఆరేళ్లు ఉండి పని నేర్చుకున్నాడు. టీవీ బాగుచేయమంటే వెంటనే స్క్రూలు విప్పేవాడు కాదు. దాని వెనక్కి చేరి, డాక్టరు వీపు మీద కొట్టి చూసినట్టు రెండు వేళ్లతో తట్టి, చెవి పెట్టి వినేవాడు. తర్వాత ఇంటివాళ్లని అడిగేవాడు, ఆఖరిసారి ఇది ఎప్పుడు బాగా ఆడిందని. సగం జబ్బు అక్కడే దొరుకుతుందనేవాడు.

ఆయనతో నా మొదటి పరిచయం గొడవతోనే. నాన్నకి అరకు బ్యాంకు బ్రాంచికి ట్రాన్స్‌ఫర్ అయింది. అమ్మ ఉద్యోగం విశాఖపట్నంలో. తొమ్మిదో తరగతిలో ఉన్న నన్ను తనొక్కతే అదుపు చేయలేనని అమ్మ నాన్న వెంట పంపేసింది. వచ్చిన వారానికే మ్యాచ్ మధ్యలో కేబుల్ పోయింది. వీధిలోకి పరిగెత్తాను. సుక్రన్న స్తంభం మీద ఉన్నాడు. "ఏయ్, ఇంకెంతసేపు? ఆఖరి ఓవర్లు!" అని అరిచాను. పలకలేదు. మళ్లీ అరిచాను. ఊహూఁ. పని ముగించుకుని, నెమ్మదిగా దిగి, స్తంభం మొదట్లో విడిచిన చెప్పులు వేసుకుని, అప్పుడు నా వైపు తిరిగాడు.

"ఇప్పుడు సెప్పు బాబూ, ఏటి?"

"ఇందాకట్నుంచి పిలుస్తున్నా కదా, వినపడలేదా?"

"ఇనపడింది. పైనున్నోడు కిందున్నోడికి జవాబిస్తే సెయ్యి జారుద్ది. ఎళ్లి సూసుకో, ఒచ్చీసింది."

మ్యాచ్ అయిపోయింది. నేను ఆ కోపంతో టీవీ రిమోట్‌ని గోడకేసి కొట్టాను. అంతకు ముందు విశాఖలో ఒక కీబోర్డు, అమ్మ గోడగడియారం అదే దారిన పోయాయి. ఆ రాత్రి నాన్న అరవలేదు. ముక్కలు ఏరి చెత్తబుట్టలో వేసి, "ఇంకొక్క వస్తువు నీ చేతిలో పగిలిందంటే నిన్ను హాస్టల్లో వేస్తాను. అక్కడ ఫోనుండదు, గేములుండవు" అన్నాడు. నాన్న ఊరికే అనే మనిషి కాదు. మర్నాడే ఒక రెసిడెన్షియల్ స్కూలు అప్లికేషన్ తెచ్చి ఫ్రిజ్ మీద పెట్టాడు. రోజూ నీళ్ల బాటిల్ తీసుకోవడానికి వెళ్లినప్పుడల్లా అది కనబడేది.

మామయ్య కొనిచ్చిన గేమ్ కన్సోల్ ఒక్కటే అక్కడ నాకు తోడు. దసరా సెలవులకి దాన్ని విశాఖలో మా కిరణ్ ఇంటికి పట్టుకెళ్లాను. కిరణ్ మా మామయ్య కొడుకు, వాడికీ అదే కన్సోల్ ఉంది. వాళ్లింట్లో కొత్తగా గోడంత వెడల్పున్న పల్చటి టీవీ కొన్నారు. సెట్టింగ్స్‌లోకి వెళ్లి రిజల్యూషన్ ఎంతవరకు పెరుగుతుందో అంతా పెంచేశాను. గేములో గడ్డి పరకలు కూడా విడివిడిగా కనిపించాయి. సెలవులయ్యాక కిరండోల్ రైల్లో, సొరంగం వచ్చినప్పుడల్లా ఒళ్లోని డబ్బాని రెండు చేతులతో గట్టిగా పట్టుకుని, అరకు తెచ్చాను. మా ఇంట్లోని పాత డబ్బా టీవీకి తగిలించాను. తెర నల్లగా ఉంది. వైర్లు పీకి పెట్టాను. నలుపే. నాన్న పాడేరు వైపు పని మీద వెళ్లాడు, సాయంత్రం అయిదింటికి వస్తాడు. నేను పగలగొట్టలేదంటే నమ్మే మనిషి ఈ ఇంట్లో లేడు, అలా నమ్మకపోవడానికి కారణమూ నేనే. నాకు ఫ్రిజ్ మీద కాగితం ఒక్కటే కనిపిస్తోంది. సుక్రన్న ఇంటికి పరిగెత్తాను.

ఆయన వచ్చి టీవీ ముందు కూర్చుని, కంట్రోలర్ చేతిలో పెట్టుకుని ఒక మీట నొక్కాడు. తల పక్కకి వంచాడు.

"బొమ్మ సచ్చింది గానీ నీ గేము డబ్బా బతికే ఉంది. ఇను."

టిక్. అప్పటిదాకా నేను వినలేదు. చీకటి తెర వెనక మెనూ కదులుతూనే ఉంది.

"ఆఖరిసారి ఇది ఎక్కడ బాగా ఆడింది?"

చెప్పాను. రిజల్యూషన్ పెంచిన సంగతీ చెప్పాను.

"అదీ సంగతి. పెద్ద టీవీకి సెప్పిన మాట ఈ ముసిల్దాని బుర్రకెక్కట్లేదు. తగ్గించీ."

తగ్గించాలంటే మెనూ కనబడాలి. మెనూ కనబడాలంటే తగ్గించాలి. కిరణ్‌కి ఫోన్ చేద్దామంటే ఇంట్లో సిగ్నల్ ఉండదు. వెనక వాలు మీద సుక్రన్న వాళ్ల చోడిచేను, అంటే రాగిచేను, దాటాక ఒక బండరాయి ఉంది, దాని మీద నిలబడితేనే రెండు గీతలు వస్తాయి. ఎక్కి, కిరణ్ చెప్పిన మీటలన్నీ అరచేతి మీద రాసుకుని దిగొచ్చాను. పని కాలేదు. మొదలు ఎక్కడుందో తెలియకుండా నొక్కితే ఏ గుమ్మంలోకి పోతున్నామో తెలియదు. అప్పుడు సుక్రన్నే దారి చెప్పాడు.

"మా కొండ మీద పోడు సేలో ఉన్నోడికి ఇంటికాణ్నించి కబురెలా ఎళ్తాదనుకున్నావు? మజ్జిలో ఒక మనిషుంటే సాలు."

మధ్యలో మనిషి ఆయన భార్య గౌరి వదిన. చోడిచేలో కలుపు తీస్తున్న ఆవిడ కొంగు బిగించి లేచి నిలబడింది. బండ మీద ఫోనుతో నేను, చేలో వదిన, కింద కిటికీ పక్కన టీవీ ముందు సుక్రన్న. విశాఖలో కిరణ్ తన కన్సోల్ మీద ఒక్కో మీట నొక్కుతూ నాకు చెబుతాడు, నేను వదినకి అరుస్తాను, ఆవిడ కిందికి అందిస్తుంది. సుక్రన్న నొక్కి, టిక్ వింటే "ఓ" అంటాడు. టిక్ రాకపోతే జాబితా చివరికొచ్చినట్టు. ఆ "ఓ" మళ్లీ చేను మీదుగా నా దాకా వస్తుంది.

"కిందికి నాలుగు!"

"కిందికి నాలుగంట మావా! మెల్లిగా నొక్కు, అది నీ కటింగ్ ప్లేరు కాదు!"

"ఓ...!"

"వీళ్లెవర్రా, మైకులా?" అని కిరణ్ ఫోన్లో ఒకటే నవ్వు. నాకు నవ్వు రావడం లేదు. టైము నాలుగు దాటింది.

చివరికి కిరణ్ గొంతు మారింది. "ఇప్పుడు నొక్కితే బొమ్మ వస్తుంది. ఇలాగే ఉంచాలా అని అడుగుతుంది. ముప్పై సెకన్లలో ఎడమకి జరిపి నొక్కాలి, లేకపోతే మళ్లీ పాతదానికే పోతుంది. త్వరగా నొక్కమను." నేను అరిచాను. సుక్రన్న నొక్కాడు. వదిన కిటికీ వైపు చూసి చేతులు పైకెత్తింది. "బొమ్మొచ్చీసింది! ఓలమ్మ, నీలంగా ఎంత బాగుందో!" అంటూ తన చోటు వదిలేసి కిటికీ దగ్గరికి పరిగెత్తింది. "ఎడమకి నొక్కమను!" అని గొంతు చించుకున్నాను. అందించేవాళ్లు లేరు. సుక్రన్న వాకిట్లోకి వచ్చి, కంట్రోలర్ వైరు ఎంత సాగితే అంత దూరం లాగి, రెండు చేతులతో నా వైపు చాచి నిలబడ్డాడు.

"బాబూ, బేగి దిగిరా! నువ్వే నొక్కాల!"

చేనుకి అడ్డం పడి పరిగెత్తాను. గుమ్మంలోకి వచ్చేసరికి తెర నల్లబడిపోయింది.

నేనేమన్నానో నాకు గుర్తుంది. "బుద్ధుందా? నొక్కమంటే నొక్కాలి కదా! చదువూ సంధ్యా లేనివాళ్లని నమ్ముకోవడం నాదే తప్పు!" అని, చేతిలో ఉన్న ఫోన్ ఎత్తి వాకిట్లోని రుబ్బురోలు మీద కొట్టాను. బ్యాటరీ ఒక వైపు, మూత ఒక వైపు. తెర మీద అడ్డంగా పగులు.

గౌరి వదిన వంగి బ్యాటరీ ఏరి, కొంగుతో తుడిచి, అరుగు మీద పెట్టింది.

"ఏటి గుంటడా, అలా అనీసినావు. మాకు మామిడి కొత్త పండగ అవ్వకుండా రాలిన కాయనైనా ముట్టం తెలుసా? కొత్తది ఏదొచ్చినా దానికో తొలి సెయ్యి ఉంటాది. ఆ బొమ్మ నీది. తొలి సెయ్యి మీ అన్న ఎలా పెడతాడు?"

సుక్రన్న మాత్రం అప్పటికే మళ్లీ టీవీ ముందు కూర్చున్నాడు. నాకు ఫోన్ లేదు, కిరణ్ లేడు. "ఇంకేం చేస్తావులే" అన్నాను, ఏడుపు ఆపుకుంటూ. ఆయన ఎడమచేతి బొటనవేలిని వేళ్ల కణుపుల మీద జరుపుకుంటూ, కుడిచేత్తో నొక్కుతూ పోయాడు. ఇందాక నేను అరిచినవన్నీ ఆయన విని ఊరుకోలేదు, టిక్కుల లెక్కన దాచుకున్నాడు. నాలుగు. ఆగి ఒకటి. రెండు. ఒకచోట తల అడ్డంగా ఊపి, ఒక అడుగు వెనక్కొచ్చి, మళ్లీ ముందుకెళ్లాడు. తెర వెలిగింది. ఆ క్షణంలో కూడా ఆయన నొక్కలేదు. వెనక్కి తిరక్కుండానే కంట్రోలర్ నా వైపు చాచాడు. ఎడమకి జరిపి నొక్కేసరికి తెర మీద ఇంకా పందొమ్మిది సెకన్లు ఉన్నాయి. అంత టైముందా అనిపించింది.

చాలా ఏళ్ల తర్వాత తెలిసింది, ఆ గేమ్ డబ్బా పవర్ బటన్ని అయిదు సెకన్లు నొక్కి పట్టుకుంటే చాలు, రిజల్యూషన్ దానంతటదే మొదటికి వచ్చేదని. ఆ సంగతి సుక్రన్నకి ఎప్పుడూ చెప్పలేదు. ఆ రోజు తెలియకపోవడమే నా అదృష్టం.

అయిదవుతోంది. కన్సోల్ బతికింది, ఫోన్ పోయింది. కాగితం ఫ్రిజ్ మీదే ఉంది. "బండ మీంచి జారి పడిందని నాన్నతో చెప్పన్నా, నీ మాటైతే నమ్ముతాడు" అని బతిమాలాను. సుక్రన్న ఆ ఫోన్ని అటూ ఇటూ తిప్పి చూశాడు.

"పడిన దెబ్బ మూలకి తగులుద్ది. ఇసిరిన దెబ్బ ముకానికి తగులుద్ది. దీన్ని సూస్తే ఎవరికైనా తెలిసిపోద్ది బాబూ. నువ్వే సెప్పీ."

నాన్న ఇంకా బూట్లు విప్పకముందే చెప్పేశాను, మొదట్నుంచీ. మధ్యలో ఆపకుండా విన్నాడు. చివర్లో, "ఆయన్ని అన్న మాట వెనక్కి తీసుకున్నావా?" అని ఒక్కటే అడిగాడు. లేదన్నాను. "అది పొద్దున్నే చేసిరా. ఫోన్ మాత్రం పదో తరగతి పరీక్షలయ్యేదాకా లేదు." ఆ అప్లికేషన్‌ని నాలుగు మడతలు పెట్టి ఊగే బల్లకాలు కింద పెట్టాడు.

పొద్దున వెళ్లేసరికి సుక్రన్న స్టేషను రోడ్డులో స్తంభం మీద ఉన్నాడు. పిలవలేదు. కింద ఆయన చెప్పుల పక్కన నిలబడ్డాను. చాలాసేపు పట్టింది. దిగాడు, చెప్పులు తొడుక్కున్నాడు, నా వైపు చూశాడు.

"నిన్న అలా అన్నందుకు... తప్పయిపోయింది అన్నా."

"ఏటన్నావో గుర్తు నేదు బాబూ. నాకు టిక్కులే గుర్తున్నాయి" అన్నాడు. నిజంగా గుర్తు లేదో, గుర్తు పెట్టుకోవద్దనుకున్నాడో ఇప్పటికీ తెలియదు. ఆ ఆదివారం గౌరి వదిన, ఆయన మా ఇంటికొచ్చి కార్ల పందెం ఆడారు. ఆయన కారు నడిపిన పావుగంటా ఒక్క బండినీ దాటలేదు. వదిన ఆయన్ని మూడుసార్లు గుద్దింది.

నా కోపం పూర్తిగా పోయిందని చెప్పను. నాతో పనిచేసేవాళ్లు ఇది చదివితే నవ్వుతారు. కానీ ఒక్క విషయంలో మాత్రం సుక్రన్న చెయ్యి నా చెయ్యి మీద ఉంటుంది. పోయిన నెల పై అంతస్తులో ఉండే సరస్వతమ్మ గారు తన పెన్షన్ డబ్బుతో మొదటిసారి కొత్త టీవీ కొనుక్కున్నారు. ఎప్పుడూ ఫోన్లో ఉంటాను కాబట్టి నాకన్నీ తెలుసని నన్ను పిలిచారు. అన్నీ అమర్చాను. బొమ్మ ఇలా ఉంచాలా అని తెర అడిగింది, కింద అంకెలు తగ్గుతున్నాయి. రిమోట్ ఆవిడ చేతికిచ్చాను. కళ్లజోడు వెతుక్కునేలోపు పోయింది. మళ్లీ పెట్టాను. ఈసారి టీవీ వచ్చిందని చెల్లెలికి ఫోన్ చేస్తూ కూర్చున్నారు, మళ్లీ పోయింది. నా దవడలు బిగుసుకున్నాయి. ఫోన్ జేబులో పెట్టుకుని, ఆవిడ కుర్చీ పక్కనే నేల మీద కూర్చుని, మొదట్నుంచి మళ్లీ మొదలుపెట్టాను. మూడోసారి ఆవిడే నొక్కారు.